నటిగా పేరొచ్చాకే రాయాలా?

ప్రశ్న: నాకు 27 ఏళ్ళు. మాది తెనాలి దగ్గర పల్లె. హైదరాబాదులో ఒక ప్రైవేటు ఆఫీసులో అకౌంట్స్ చూస్తాను. డిగ్రీ రోజుల నుంచి పరిషత్తు నాటికల్లో వేస్తున్నాను, ఉత్తమ నటి బహుమతులు కూడా వచ్చాయి. కొన్ని షార్ట్ ఫిల్ములు చేశాను. ఈమధ్య ఒక నాటిక నేనే రాశాను. మా సమాజంవాళ్ళు ఆడారు, బాగుందన్నారు. కరపత్రంలో మాత్రం రచయితగా నా పేరు బదులు దర్శకుడి పేరు వేశారు. అడిగితే 'నటి రాసిందంటే జడ్జీలు పట్టించుకోరమ్మా' అన్నారు. మా నాన్నగారేమో 'రెండు పడవల మీద కాళ్ళు పెట్టకు, ఏదో ఒకటి తేల్చుకో' అంటున్నారు. మొన్న ఒక స్నేహితురాలు పోర్చుగల్ విప్లవం మీద తీసిన 'కాపితాయిన్ష్ ద అబ్రీల్' (ఏప్రిల్ కెప్టెన్లు) సినిమా చూపించింది. అందులో నటించిన మరియా డి మెదైరోస్ దానికి దర్శకురాలు కూడానట, స్క్రిప్టులోనూ ఆవిడ చెయ్యి ఉందట. 'పల్ప్ ఫిక్షన్'లో మోటెల్ గదిలో కనిపించే అమ్మాయి కూడా ఆవిడేనని తెలిసి ఆశ్చర్యపోయాను. ఇవన్నీ ఒక్క మనిషి ఎలా చేయగలిగింది? ముందు నటిగా పేరు తెచ్చుకుని తర్వాత రాయాలా? నేను ఉద్యోగం మానెయ్యాలా? ఆవిడ సినిమాల్లో ముందుగా ఏది చూడమంటారు? (పేరు రాయవద్దన్నారు)

సమాధానం:

అమ్మా,

మెదైరోస్ గురించి తర్వాత చెబుతాను, ముందు మీ నాటిక సంగతి. కరపత్రంలో పేరు పడకపోవడం చిన్న విషయమని సర్దుకోకండి. మన కాపీరైటు చట్టం ప్రకారం, మీరు సంతకం పెట్టి రాసిస్తే తప్ప మీ రచన మీద హక్కు మరొకరికి పోదు. రాసిచ్చినా సరే, 'ఇది రాసింది నేను' అని చెప్పుకునే హక్కు మీ దగ్గరే ఉంటుంది. 57వ సెక్షన్ చెప్పేది అదే. సమాజంవాళ్ళతో తగువు పెట్టుకోమనడం లేదు. మళ్ళీ ప్రదర్శన ఉంటే కరపత్రం అచ్చుకు వెళ్ళేలోపే ఒక ఉత్తరం రాసి ఇవ్వండి, దాని నకలు మీ దగ్గర ఉంచుకోండి. నటి రాస్తే జడ్జీలు పట్టించుకోరన్న మాట నిజమే అనుకుందాం. అయితే వాళ్ళు పట్టించుకునేదాకా పేరు వేయించుకోవాల్సిందే. పేరే లేకపోతే పట్టించుకునే రోజు రాదు.

ఇక మెదైరోస్. ఆవిడ జీవితం చెప్పేముందు మీకో నిజం చెప్పాలి, లేకపోతే మీరు ఆవిడతో పోల్చుకుని ఊరికే బాధపడతారు. ఆవిడ ఏమీ లేని ఇంట్లోంచి రాలేదు. 1965లో లిస్బన్‌లో పుట్టింది. తండ్రి ఆంతోనియు విక్తోరీను ద అల్మేయిద పేరున్న సంగీతకర్త. బాల్యం వియన్నాలో గడిచింది. చెల్లెలు ఇనేష్ కూడా నటే, 2017లో అల్మాద పట్టణానికి మేయరయింది. ఇంట్లో సంగీతం, పుస్తకాలు, మూడు నాలుగు భాషలు చిన్నప్పటి నుంచీ ఉన్నాయి. 18 ఏళ్ళకు పారిస్ వెళ్తే, ప్రభుత్వం నడిపే నాటక విద్యాలయాల్లో చదువు దొరికింది. మీకూ నాకూ లేని వెసులుబాటు అది. కానీ ఆ వెసులుబాటుతో ఆవిడ ఏం చేసిందన్నదే మనకు పనికొచ్చే భాగం.

దానికంటే ముందు, ఆవిడ పుట్టేనాటికి పోర్చుగల్‌లో నటించే ఆడవాళ్ళకూ రాసే ఆడవాళ్ళకూ ఏం జరిగేదో తెలియాలి. 1926 నుంచి 1974 దాకా, అంటే 48 ఏళ్ళు, ఆ దేశం నియంతృత్వంలో ఉంది. నాటకం ఆడాలంటే ముందు సెన్సారు చూడాలి. వాళ్ళు కొట్టేసే నీలిరంగు పెన్సిలు పేరు చెబితేనే రచయితలకు గుండె దడ. మరియా బరోజు అని గొప్ప నటి, లిస్బన్ జాతీయ రంగస్థలం దోన మరియా ద్వితీయలో వేసేది. ప్రభుత్వానికి గిట్టని రాజకీయాల వల్ల 1940ల చివర్లో ఆవిడను రంగస్థలం నుంచి తప్పించారు. మళ్ళీ ఒక ముఖ్యపాత్రలో ఆవిడ తెర మీద కనిపించేసరికి 1966 వచ్చింది. ఇక రచయిత్రుల సంగతి. 1972లో ముగ్గురు మరియాలు, అంటే మరియా ఇజబెల్ బరేను, మరియా తెరేజ ఓర్త, మరియా వేల్యు ద కోష్త, కలిసి ఒక పుస్తకం రాస్తే దాన్ని నిషేధించి ముగ్గురి మీదా కేసు పెట్టారు. 1974 మేలో గాని వాళ్ళు నిర్దోషులుగా బయటపడలేదు. అప్పటికి విప్లవం జరిగి కొద్ది రోజులే అయింది.

ఆ విప్లవం నాటికి మెదైరోస్‌కు ఎనిమిదేళ్ళు. ఆవిడ నటించగలిగినా, రాయగలిగినా సైనిక కెప్టెన్లు నియంతృత్వాన్ని కూల్చేసిన ఆ 1974 ఏప్రిల్ 25 వల్లే. పెద్దయ్యాక ఆవిడ సినిమా తీయడానికి ఎంచుకున్నది కూడా ఆ రోజునే. అది తన తరం ఎవరికి రుణపడి ఉందో చెప్పుకోవడమని నేననుకుంటాను. 'నటికి రాయడం ఎందుకు' అని మిమ్మల్ని ఎవరైనా అడిగితే, నాకు తెలిసిన మంచి జవాబు ఆ సినిమానే. ఈ కథ తానే చెప్పాలనుకుంది గనుక రాసింది.

అక్కడిదాకా ఆవిడ ఎలా వచ్చిందో చూడండి. మొదటి సినిమా 'సిల్వెష్త్ర్'. ఆవిడకు 15 ఏళ్ళు. దర్శకుడు జువావ్ సెజర్ మొంతైరు. పోర్చుగల్ పాత కథల్లోంచి ఒక అమ్మాయి మగవేషం వేసుకుని యుద్ధానికి వెళ్ళే కథను తీసుకున్నాడు. అసలు లొకేషన్లు చాలా తక్కువ, వెనక గీసిన తెరలే ఎక్కువ. చూస్తుంటే మన సురభివాళ్ళ రంగుల పరదాలు గుర్తొస్తాయి. పదిహేనేళ్ళ పిల్ల ఆ గీసిన అడవి ముందు నిలబడి, సహజంగా మాట్లాడకుండా, కథ చదువుతున్నట్టు మాట్లాడుతుంది. మొదట వింతగా ఉంటుంది. కాసేపయ్యాక అర్థమవుతుంది: ఈ పిల్లకు మాటకూ భావానికీ మధ్య దూరం ఎలా పాటించాలో అప్పుడే తెలుసు. నాటకం తెలిసినవాళ్ళకు అది సులువుగా తెలుస్తుంది, మీరు కనిపెట్టేస్తారు.

పారిస్‌లో ఆవిడకు పేరు తెచ్చిన నాటకం 1986లో బ్రిజిత్ జాక్ చేసిన 'ఎల్వీర్ జువే 40'. దీని గురించి కొంచెం వివరంగా చెబుతాను, ఎందుకంటే మీ ప్రశ్నకు సగం జవాబు అందులోనే ఉంది. లూయి జువే అనే మహానటుడు 1940లో పారిస్‌లోని నాటక విద్యాలయం కన్సర్వేటరీలో ఒక విద్యార్థినికి పాఠం చెబుతాడు. ఫ్రెంచ్ నాటకకర్త మొలియేర్ రాసిన 'దోమ్ జువాన్'లో ఎల్వీర్ చివరిసారి వచ్చి, తనను మోసం చేసిన మనిషిని 'నువ్వు మారకపోతే నాశనమైపోతావు' అని హెచ్చరించే చిన్న ఘట్టం. అదే ఘట్టం, మళ్ళీ మళ్ళీ. ఏడు పాఠాలు. ఆ పిల్లకు వాచికం ఉంది, నైపుణ్యం ఉంది, కానీ ఆయనకు కావలసింది అది కాదు. ఇక్కడ బాగా పలికావంటాడు, అక్కడ భావం రాలేదంటాడు, మళ్ళీ చెయ్యమంటాడు. పాఠాలు నడుస్తుండగానే జర్మన్ సైన్యం పారిస్‌లోకి వచ్చేస్తుంది. ఆ విద్యార్థిని యూదురాలు. అంత శ్రమపడి నేర్చుకున్నాక ఆమెను రంగస్థలం ఎక్కనివ్వరు. ఇది కల్పించిన కథ కాదు, ఆ పాఠాలు నిజంగా జరిగినవే. వాటిని షార్ట్‌హాండ్‌లో రాసిపెట్టింది జువే కార్యదర్శి షార్లొత్ దెల్బో. ఆ తర్వాత ఆవిడ నాజీల మరణశిబిరం ఆష్విట్జ్‌ నుంచి ప్రాణాలతో బయటపడి తానే పెద్ద రచయిత్రి అయింది. మెదైరోస్ ఆ విద్యార్థిని పాత్ర వేసింది, ఆ తర్వాత బెన్వా జాకో దాన్నే సినిమాగానూ తీశాడు.

ఒక ఘట్టాన్ని ఏడుసార్లు విప్పి చూసే నాటకంలో రాత్రి తర్వాత రాత్రి నిలబడిన నటికి, రాయడం వేరే కళగా కనిపిస్తుందా? ఏ వాక్యం నోటికి పడుతుందో, ఏది పడదో, ఎక్కడ ఊపిరి తీసుకోవాలో, ఎక్కడ ఒక్క మాట తీసేస్తే ఘట్టం నిలబడుతుందో ఒంటికే తెలిసిపోతుంది. మీకూ పరిషత్తుల్లో అదే శిక్షణ దొరికింది. గంటలోపు ముగిసే నాటికలో ఎక్కడ ప్రేక్షకుడు కుర్చీలో కదులుతాడో బల్ల దగ్గర కూర్చుని రాసేవాడికంటే మీకే బాగా తెలుసు. మీ నాటిక బాగా ఆడిందంటే కారణం అదే అయ్యుంటుంది. అందుకే 'ముందు నటిగా పేరు, తర్వాత రాత' అన్న వరసను నేను ఒప్పుకోను. ఆవిడా ఆ వరస పాటించలేదు. ప్రపంచానికి ఆవిడ ముఖం తెలియకముందే 1988లో ఐరిష్ నాటకకర్త బెకెట్ రాసిన చిన్న ముక్కను సినిమాగా తీసింది. తర్వాత పోర్చుగీసు కవి ఫెర్నాందు పెసోవా అసంపూర్ణంగా వదిలేసిన పుటల నుంచి 'ఆ మోర్త్ దు ప్రీన్సిప్' చేసింది.

ఇక్కడ మీరు గమనించాల్సిందొకటుంది. ఆ రెండిట్లోనూ ఆవిడ సొంత కథ రాయలేదు. తన భాషలోనో, తను చదువుకున్న భాషలోనో పెద్ద రచయిత రాసిన చిన్న ముక్క తీసుకుని దాన్ని నిలబెట్టడం నేర్చుకుంది. మీకూ ఇదే చెబుతాను. మీ రెండో నాటికకు ముందు ఒక అనుసరణ చెయ్యండి. శ్రీపాద సుబ్రహ్మణ్యశాస్త్రిగారు 1961లో పోయారు. మన చట్టంలో రచయిత పోయిన 60 ఏళ్ళ దాకా హక్కులుంటాయి గనుక ఆయన కథలకు ఇప్పుడు ఎవరి అనుమతీ అక్కర్లేదు. ఆయన కథల్లో ఆడవాళ్ళు మాట్లాడుకునే తీరు నేరుగా రంగస్థలం మీదికి వచ్చేస్తుంది. ఒక కథ తీసుకుని ఇద్దరు నటీమణులతో అరగంటలో చెప్పడానికి ప్రయత్నించండి. ఏది వదలాలో, ఏది వదలకూడదో తేల్చుకునేటప్పుడు రచన పని మీకు చేతికొస్తుంది.

1990లో మెదైరోస్‌కు అమెరికా పిలుపొచ్చింది. ఫిలిప్ కౌఫ్‌మన్ 'హెన్రీ అండ్ జూన్'లో అనాయీస్ నిన్ పాత్ర. జీవితమంతా డైరీలు రాసుకుని, ఆ డైరీలతోనే సాహిత్యంలో నిలిచిన రచయిత్రి పాత్ర. ఆ తర్వాతి 1994 ఒక్క ఏడూ చూడండి. మేలో కాన్‌లో 'పల్ప్ ఫిక్షన్'కు అక్కడి అత్యున్నత బహుమతి పామ్ దోర్ వచ్చింది. అందులో ఆవిడ బ్రూస్ విల్లిస్ పాత్రకు ప్రేయసి ఫాబియెన్. పొట్ట గురించి, పొద్దున తినబోయే పాన్‌కేకుల గురించి కబుర్లు చెబుతూ, అతను ప్రాణంగా చూసుకునే తండ్రి వాచీని ఇంట్లో మర్చిపోయి వచ్చే అమ్మాయి. చిన్న పాత్రే, కానీ ఆ రక్తపాతం మధ్య ఆ గదిలో మాత్రమే కాస్త ఊపిరాడుతుంది. కొద్ది నెలలకే వెనిస్‌లో ఉత్తమ నటి బహుమతి వోల్పీ కప్ ఆవిడ చేతికొచ్చింది. అది అమెరికా సినిమాకు కాదు, తెరేజ విలావెర్ద్ అనే పోర్చుగీసు దర్శకురాలు తీసిన 'త్రేష్ ఇర్మావ్ష్'కు. ప్రపంచమంతా చూసిన సినిమా ఒకటి, నటిగా శిఖరం ఎక్కించిన సినిమా ఒకటి. రెండోది సొంత భాషలో, చిన్న డబ్బుతో, ఒక స్త్రీ తీసింది. నన్నడిగితే ఆవిడ వృత్తి జీవితంలో అన్నిటికంటే ముఖ్యమైన ఏడాది అదే. హాలీవుడ్‌లో ఉండిపోవచ్చు. ఉండలేదు.

ఉండకపోవడానికి ఒక లెక్క కూడా ఉంది. పోర్చుగల్ జనాభా కోటికి కాస్త ఎక్కువ. 2011 జనాభా లెక్కల్లో తెలుగు మాతృభాషగా చెప్పుకున్నవాళ్ళే ఎనిమిది కోట్ల పైన. కోటి మంది ఉన్న దేశంలో టిక్కెట్ల మీద సినిమా బతకడం కష్టం, ప్రభుత్వ సాయమో పక్క దేశాల వాటానో ఉండాలి. అందుకే అక్కడి నటులు చాలా భాషల్లో పని చేస్తారు. మెదైరోస్ స్పెయిన్‌లో బిగాస్ లూనాతో, కెనడాలో గై మాడిన్‌తో, ఇటలీలో అబెల్ ఫెరారాతో చేసింది. బ్రెజిల్‌లో ఒక సినిమాలో పాతకాలపు ఫ్రెంచ్ మహానటి సారా బెర్నార్ట్‌గా కూడా కనిపిస్తుంది. పాటలు పాడి ఆల్బములు కూడా చేసింది. పైకి చూస్తే అన్నిట్లోకీ దూకుతున్నట్టు ఉంటుంది. నిజానికి ఒక చోట పని లేనప్పుడు ఇంకో చోట పని చేసుకోవడం అది. మీ నాన్నగారు చెప్పిన రెండు పడవల సామెతకు అక్కడ చోటు లేదు, ఒక్క పడవనే నమ్ముకున్నవాళ్ళే మునుగుతారు.

'కాపితాయిన్ష్ ద అబ్రీల్' 2000లో వచ్చింది, కాన్‌లో చూపించారు. తొలి సినిమాకూ దీనికీ 19 ఏళ్ళు. సహరచయిత్రి ఈవ్ దెబోయిజ్. నాలుగు దేశాలు డబ్బు పెట్టాయి, పోర్చుగీసు కెప్టెన్ సల్గెయిరు మాయియ పాత్ర ఇటలీ నటుడు స్టెఫానో అకోర్సి చేశాడు. డబ్బు అంతమంది పెట్టినప్పుడు ఇలాంటి సర్దుబాట్లు తప్పవు. డబ్బింగు గొంతులకు అలవాటుపడిన మనకు ఇది అంత ఎబ్బెట్టుగా అనిపించదులెండి. స్నేహితురాలితో చూసినప్పుడు మీరు కథ వెంట పోయి ఉంటారు, ఈసారి రచయిత్రిగా చూడండి. రేడియోలో అర్ధరాత్రి దాటాక 'గ్రాందొల' పాట వస్తుంది, అదే సైన్యం కదలడానికి సంకేతం. సాంతరెయ్ పట్టణం నుంచి బయలుదేరిన కవచవాహనాలు లిస్బన్ నడిబొడ్డున ఎర్ర లైటు పడితే ఆగిపోతాయి. ప్రభుత్వాన్ని కూల్చడానికి వచ్చిన సైనికులు ట్రాఫిక్ సిగ్నల్ దగ్గర వేచి ఉంటారు! ఆ రాత్రి గురించి లిస్బన్‌వాళ్ళు ఇప్పటికీ చెప్పుకునే ముచ్చట అది. వాళ్ళెలాంటి మనుషులో ఒక్క ముక్కలో తెలిసిపోతుంది, ఒక్క డైలాగు అక్కర్లేదు. మాటల మీద పెత్తనం ఉన్న నటి మాటలు లేని ఘట్టాన్ని ఏరి పెట్టుకుంది. తన పాత్ర ఆంతోనియాకు ఆవిడ ఎంత చోటు ఇచ్చుకుందో కూడా గమనించండి. కథ కెప్టెన్లదే. తను దర్శకురాలినని ఆంతోనియాను ముందుకు తెచ్చుకోలేదు.

దీనికి ఇంకా గట్టి ఉదాహరణ తర్వాత వచ్చింది. లౌరా కాస్త్రో అనే బ్రెజిల్ రచయిత్రి రాసిన 'ఆవుస్ నోసుస్ ఫిల్యూస్' నాటకంలో మెదైరోస్ తల్లి పాత్ర వేసింది. నియంతృత్వం మీద పోరాడిన తల్లి, తన కూతురు మరో స్త్రీతో కాపురం చేస్తూ బిడ్డను కనాలనుకుంటే ఒప్పుకోలేకపోతుంది. ఆ నాటకాన్నే మెదైరోస్ తర్వాత సినిమా తీసింది. తల్లి పాత్ర? బ్రెజిల్ నటి మరియెత సెవెరుకు ఇచ్చేసింది. రంగస్థలం మీద తను పండించిన పాత్రను తెర మీద మరొకరి చేతిలో పెట్టి తను కెమెరా వెనక్కి వెళ్ళింది. నటికి ఇది ఎంత కష్టమో మీకు నేను చెప్పక్కర్లేదు. మీరు రాసే నాటికలో మంచి పాత్ర మీకే అని ముందే అనుకుని రాస్తున్నారా? ఒకసారి చూసుకోండి. అలా రాస్తే మిగతా పాత్రలు మీ పాత్రకు జవాబులు చెప్పడానికే మిగిలిపోతాయి. రెండో నాటికలో మీరు వెయ్యకండి. రిహార్సల్లో ఇంకో అమ్మాయి మీ వాక్యాలు పలుకుతుంటే బయట కూర్చుని వినండి.

ఉద్యోగం మానకండి. ఈ మాట పిరికితనంతో అనడం లేదు. యూరప్‌లో ప్రభుత్వ నాటకశాలలున్నాయి, సినిమాకు సాయం చేసే సంస్థలున్నాయి, నటులు ఆ ఆసరాతో బతుకుతారు. ఇక్కడ పరిషత్తు బహుమతి డబ్బు బస్సు ఛార్జీలకూ మేకప్‌కూ సరిపోతే గొప్ప. అకౌంట్స్ జీతం ఉన్నంతకాలం మీకు నచ్చని పాత్రను, నచ్చని సీరియల్‌ను వద్దనే ధైర్యం ఉంటుంది. కాకపోతే ఆ ఉద్యోగం మీ సాయంత్రాలను కూడా తినేసేది అయితే అప్పుడు ఆలోచించండి, వేరే ఉద్యోగం వెతుక్కోండి. నాన్నగారికి మాత్రం ఒకటి రాయడం ఇంకొకటి వెయ్యడం అని విడగొట్టి చెప్పకండి. వచ్చే ప్రదర్శనకు తీసుకువెళ్ళి ముందు వరసలో కూర్చోబెట్టండి, చేతిలో మీ పేరున్న కరపత్రం పెట్టండి. ఆయన భయం మీరు స్థిరపడరని. మీరు నాటకాలు మానెయ్యాలని కాదు.

సినిమాలు ఏ వరసలో చూడాలన్నారు కదా. ముందు 'సిల్వెష్త్ర్' దొరికితే అది. దొరకడం కష్టమైతే 'త్రేష్ ఇర్మావ్ష్'. తర్వాత 'హెన్రీ అండ్ జూన్'. 'కాపితాయిన్ష్'ను రెండోసారి ఆఖరున పెట్టుకోండి, ఈసారి ఒక కాగితం మీద ప్రతి ఘట్టానికీ ఒక వాక్యం రాసుకుంటూ చూడండి. ఓపిక ఉంటే ఆవిడ డాక్యుమెంటరీ 'రెపారె బెయ్' కూడా. బ్రెజిల్ సైనిక పాలన చంపేసిన మనిషి భార్యా కూతురూ మాట్లాడతారు, మెదైరోస్ పక్కకు తప్పుకుని వింటుంది. మీ ఊళ్ళో పెద్దవాళ్ళ మాటలు ఎప్పుడైనా రికార్డు చేసి నాటిక రాయాలనుకుంటే అది మీకు బాగా పనికొస్తుంది.